బెంచీల అడుగున ఆకు

ఇంటావిడకి,

ఇంటాయన రాస్తున్నది. నేను కులాసా. పిల్లి నాకంటే కులాసా. నీ కుర్చీ ఆక్రమించుకుని, లెమ్మంటే నావంక అద్దెకున్నవాణ్ణి చూసినట్టు చూస్తోంది. నువ్వూ, మీ అక్కయ్యా, అతుక్కున్న ఆవిడ తుంటి ఎముకా అక్కడ కులాసాగా ఉన్నారని తలుస్తాను.

ముందు నీ ప్రశ్నలకు జవాబులు. మందులు వేసుకుంటున్నాను. పొద్దుటివి సాయంత్రం, సాయంత్రంవి పొద్దున వేసుకున్నది ఒక్క రోజే. దానివల్ల తేడా ఏమీ తెలియలేదు కాబట్టి ఆ డాక్టరు మీద నాకున్న అనుమానం బలపడింది. పాలు పొంగిపోతున్నాయా అని అడిగావు. పొయ్యి ముందు కాపలా ఉన్నంతసేపూ బుద్ధిగా ఉంటాయి, తువ్వాలు కోసం వెనక్కి తిరిగితే చాలు. పాలకీ నాకూ ఏదో పాత పగ ఉంది.

వంటింటి అటక బాగుచేశాననీ, కిటికీ రెక్క మూలగడం మానిందనీ, వీధి తలుపుకి రంగు వేశాననీ పోయిన మూడు ఉత్తరాల్లో రాశాను. నువ్వు ఒక్కదానికీ మెచ్చుకోలు రాయలేదు. కనిపెట్టే ఉంటావు. అవి మరమ్మతులు కావు, ఎరలు. ఇల్లు అంత బాగుంటే ఇంటావిడ రాకపోతుందా అని నా ఆశ.

నువ్వు వెళ్ళి ఏడు నెలలైంది. నలభై ఒక్క ఏళ్ళు తెల్లవారుజామున పక్కగదిలో నీ ప్రార్థన గొణుగుడు వినిపిస్తుంటే దుప్పటి ముసుగు తన్ని, ఈవిడ దేవుడికైనా నిద్ర ఉండదా అని విసుక్కున్నవాణ్ణి. ఇప్పుడు సరిగ్గా అదే వేళకి మెలకువ వస్తోంది. గొణుగుడుకి కాదు, అది లేనందుకు. లేచి కూర్చుని గోడవంక చూస్తాను. టీ రెండు గ్లాసుల్లో పోసి, రెండోది చల్లారాక గుర్తొచ్చి, అదీ నేనే తాగుతాను. చల్లారిన టీ ఎలా ఉంటుందో తెలుసుకోవడానికి ఈ వయసుదాకా ఆగాల్సి వచ్చింది.

నీ కిందటి ఉత్తరంలో ఆఖరి పేరా ఉంది చూశావూ, అది మడత దగ్గర చిరిగిపోయేదాకా చదివాను. "అక్కయ్య ఇప్పుడు నడుస్తోంది. అయినా నన్ను ఇక్కడే ఉండిపొమ్మంటోంది. ఇక్కడైతే పొద్దున్నే ఇద్దరం కలిసి ప్రార్థన చేసుకుంటాం, అక్కడ నువ్వు ప్రార్థన చేస్తే ఆమెన్ అనే మనిషైనా లేడు కదే అంటోంది. ఏం చెప్పమంటారు?" అని రాశావు. మీ అక్కయ్య నామీద ఇన్నేళ్ళుగా అన్న మాటల్లో ఇదొక్కటే నిజం. అందుకే తగిలింది.

టీచరమ్మగారికి రోజూ బైబిలు చదివి వినిపిస్తున్నారా, మానేశారా అని కూడా అడిగావు. మానలేదు. నువ్వు బస్సెక్కుతూ చెప్పిన మాట కదా. మూడు గంటలకల్లా చేతులకి అంటిన రంపప్పొట్టు దులుపుకుని, ఒక కాడ విరిగి దారం కట్టిన కళ్ళజోడు తగిలించుకుని, ఆవిడ వరండాలో హాజరు. కళ్ళు పోయి పదేళ్ళైనా బడిపంతులమ్మ అలవాటు పోలేదు. గొంతు సవరించుకుంటే చాలు, "నిలబడి చదవండి" అంటుందేమోనని నాకు భయం.

నేను బడిలో చదువుకున్నవాణ్ణి కానని నీకు తెలుసు. నాకు వడ్రంగం నేర్పిన మా మేస్త్రి కొట్లో మేకులు పొట్లాలు కట్టి వచ్చే పాత పుస్తకాల కాగితాలు విప్పి, సాపుచేసి, కూడబలుక్కుని చదువు నేర్చుకున్నాను. అందుకే నాకు ఏ కథా మొదలు తెలియదు, చివర తెలియదు. నడుమ పేజీ ఒకటి మాత్రం కంఠతా వచ్చు. ఆ జబ్బు ఇప్పటికీ ఉంది. నీ గ్రంథంలో కూడా నాకు నచ్చిన పేజీ ఒకటి దొరికింది. పనులు లేని విశ్వాసం ఊపిరి లేని ఒళ్ళులాంటిదని ఒకాయన రాసిన ఉత్తరం. ఆహా, ఈయన మావాడు, ఈయన చేతుల్లోనూ కాయలు కాసే ఉంటాయి అనుకున్నాను. ఇక రోజూ అదే. కళ్ళు లేని మనిషి, ఏ పేజీ తీశానో ఆవిడకేం తెలుస్తుందిలే అని ధైర్యం.

పోయిన సోమవారం నేను ఆ ఉత్తరం మొదలుపెట్టగానే ఆవిడ చెయ్యెత్తి ఆపింది.

"మేస్త్రీ, వారం రోజుల్లో ఇది నాలుగోసారి. దాని ముందున్న ఉత్తరాలకి చెదలు పట్టిందా?"

నేను నిజం ఒప్పుకున్నాను. ముందున్న ఉత్తరాలు రాసిన పెద్దమనిషి నమ్మకంతోనే మనిషి గట్టెక్కుతాడు, పనులతో కాదు అంటాడు, నాబోటివాడికి అది మింగుడుపడదు అన్నాను. అక్కడితో ఆగితే బాగుండేది. నోరు ఊరుకోలేదు. నేను చేసినవన్నీ ఏకరువు పెట్టాను. దిక్కులేనివాళ్ళు పోతే పెట్టెలు చేసింది నేను. బడి తలుపులు బిగించింది నేను. చర్చికి ఇరవై రెండు బెంచీలు ఊరికే చేసిచ్చి, దానికి ప్రతిఫలంగా తిట్టు తిన్నదీ నేనే. నా భార్య చేసింది గొణుక్కోవడం ఒక్కటే, ఆవిడ లోపలా నేను బయటానా అని అడిగాను. పరాయి మనిషి ముందు నిన్ను అలా అన్నాను. రాయకుండా దాటేయొచ్చు, కానీ ఈ ఉత్తరంలో దాటేయకూడదని కూర్చున్నాను.

ఆవిడ కోప్పడలేదు. సంబంధం లేకుండా మన పెళ్ళి సంగతి అడిగింది. అప్పటికి మీకు సొంత కొట్టు ఉందా అంది. కొట్టు కాదుగదా, మా మేస్త్రి నన్ను పనిలోంచి తీసేసి నెల కూడా కాలేదన్నాను. మీ నాన్న "ఏం చూసి చేసుకుంటావే వాణ్ణి" అని అడిగితే నువ్వు "ఆయన్నే చూసి" అన్న మాట కూడా చెప్పాను. అది చెప్పి కళ్ళజోడు తీసి తుడుచుకున్నాను. దుమ్ము అన్నాను.

"అయితే పని చూపించి ఆవిణ్ణి సంపాదించుకోలేదన్నమాట."

"లేదండీ. చూపించడానికి ఏముంది?"

"మరి పెళ్ళైన మర్నాడే కోతమిల్లుకి వెళ్ళి పని అడిగారట. మీ ఆవిడే చెప్పింది. ఎందుకు వెళ్ళారు? వెళ్ళకపోతే వదిలేస్తుందనా?"

ఆ ప్రశ్న నన్ను ఎవరూ అడగలేదు. వదిలేస్తుందని కాదండీ, వచ్చింది కదా అందుకని వెళ్ళాను అన్నాను.

టీచరమ్మగారు నవ్వి, ఆ రెండు ఉత్తరాలవాళ్ళూ పోట్లాడుకున్నారని మీరెందుకు అనుకుంటున్నారు మేస్త్రీ అంది. "ఒకాయన గుమ్మం బయట నిలబడ్డవాడితో మాట్లాడుతున్నాడు, ఏమీ తేనక్కర్లేదు లోపలికి రావయ్యా అని. ఇంకొకాయన లోపలికొచ్చి కాళ్ళు చాపుకున్నవాడితో మాట్లాడుతున్నాడు, వచ్చావు సరే, లేచి పని చూడవయ్యా అని. మీరు బయట నిలబడి రెండోవాడి మాటలు చదువుకుంటున్నారు."

నేను పుస్తకం మూసి లేవబోయాను. అప్పుడు ఆవిడ, ఏదో మరిచిపోయినట్టు, ఆ ఆకు సంగతి మీ ఆవిడకి తెలుసా అని అడిగింది.

ఇక్కడ కలం కింద పెట్టి, పిల్లికి పాలు పోసి, వీధి చివరిదాకా నడిచి వచ్చాను. వచ్చేసరికి కాగితం ఇక్కడే ఉంది. కాబట్టి రాస్తున్నాను.

తొమ్మిదేళ్ళ కిందట ఆ బెంచీలు పూర్తి కావస్తుండగా పాస్టరుగారు మన కొట్టుకి వచ్చి, గోడకి నా పేరుతో ఇత్తడి రేకు బిగిస్తామన్నారు. నేను చేతులు జోడించి, "పేరెందుకండీ, చేసినట్టు దేవుడికి తెలిస్తే చాలు" అన్నాను. నువ్వు గడప దగ్గర నిలబడి విన్నావు. నీ కళ్ళు తడిశాయి. ఆ రోజు నన్ను చూసిన చూపు మన పెళ్ళప్పుడు కూడా చూడలేదు. ఆ చూపుని నేను తిని బతికాను కొన్నాళ్ళు.

కానీ రేకు వద్దన్న దగ్గర్నుంచి లోపల ఒకటే తొలిచింది. మన కొట్లో చేసి అమ్మే ప్రతి సామాను అడుగున నేను ఉలితో చెక్కే చిన్న ఆకు గుర్తు ఉంది కదా. మధ్యాహ్నం నువ్వు కునుకు తీసే వేళ చూసి, ఇరవై రెండు బెంచీలూ బోర్లాతిప్పి, ఒక్కోదాని అడుగున ఆ ఆకు చెక్కాను. అమ్మకపు సామానుకి చెక్కేదానికంటే రెట్టింపు పెద్దది చెక్కాను. చెక్కేసి, ఎప్పటిలా మూతి ముడుచుకుని వినయంగా బండెక్కించాను.

కొత్త బెంచీల మీద మొదటి ఆదివారం నీకు గుర్తుంది. రెండో వరసలో నేను నా బెంచీ మీదే కూర్చుని, అడుగున చెయ్యిపెట్టి ఆకుని తడుముకుంటున్నాను. సరిగ్గా అప్పుడే పాస్టరుగారు, మన మంచిపనులు మనకి పట్టుబట్టల్లా కనబడతాయి, దేవుడి ముందు అవి మాసిన పాతగుడ్డలు అన్నారు. వేలికి నిప్పు తగిలినట్టు చెయ్యి లాక్కున్నాను. దగ్గు నటిస్తూ బయటికొచ్చి, మళ్ళీ లోపలికి వెళ్ళలేదు. నా పనిని గుడ్డపేలిక అన్నాడని నీతో చెప్పాను. నువ్వు నమ్మి, నాకోసం బాధపడి, తొమ్మిదేళ్ళు ఆ బెంచీ మీద ఒంటరిగా కూర్చున్నావు.

నాకు కోపం వచ్చింది ఆయన అబద్ధం చెప్పినందుకు కాదు. గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకున్నది నేను. అంతమందిలో దొరికిపోయాననుకున్నాను. దొరికిపోయిన సంగతి నీకు చెప్పే ధైర్యం లేక, అవమానపడ్డ మంచివాడి వేషం వేశాను. నువ్వు చూసిన ఆ చూపు పోతుందేమోనని భయం. దానికోసం నీ పక్కన చోటు వదులుకున్నాను. ఇంత మొద్దు బేరం ఏ వడ్రంగీ చేసి ఉండడు.

టీచరమ్మగారికి మొదటి వారమే తెలుసట. చూపులేని మనిషి కూర్చునేముందు బెంచీ అంచు, అడుగు తడిమి చూసుకుంటుంది కదా. మన కొట్లో చేయించుకున్న ఆవిడ బల్ల అడుగున కూడా అదే ఆకు ఉంది. "దేవుడికీ గుడ్డిదానికీ తప్ప ఎవరికీ కనబడని చోట చెక్కారు మేస్త్రీ, మేమిద్దరం ఎవరికీ చెప్పలేదు" అంది. తొమ్మిదేళ్ళు. నన్ను చూసి ఒక్కసారైనా ఎత్తిపొడవలేదు.

మర్నాడు పాస్టరుగారి దగ్గరికి వెళ్ళాను. గుక్కతిప్పుకోకుండా అంతా చెప్పేశాను. ఆయన నోరు తెరుచుకుని విన్నారు. ఆ ప్రసంగం ఆయనకి గుర్తే లేదట. పైగా, "మీరు మోకాళ్ళ నొప్పులవల్ల రావడంలేదనుకున్నానండీ. మీ ఆవిడ అలాగే చెప్పింది" అన్నారు. నీ నోట అబద్ధం! నా పరువు కోసం పాస్టరుగారితో నువ్వు అబద్ధం ఆడావంటే, నవ్వాలో ఏడవాలో తెలియక రెండూ కొంచెం కొంచెం చేశాను. తర్వాత ఆయన నాకోసం ప్రార్థన చేశారు. అలవాటు తప్పినవాణ్ణి కదా, ఆయన మధ్యలో ఊపిరి పీల్చుకుంటే అయిపోయిందనుకుని ఆమెన్ అనేశాను. అసలు ముగింపు వచ్చాక మళ్ళీ అన్నాను.

దీన్నిబట్టి నాకు విశ్వాసం వచ్చేసిందని రాయను. నీకు ఆశపెట్టి రప్పించుకునే పాడుపని ఇంకొకటి చేయలేను. ఉన్నది ఉన్నట్టు చెప్పాలంటే, గుమ్మం దగ్గర నిలబడ్డాను, చెప్పులు విప్పాను. అంతవరకే. నీ పక్కన కూర్చుంటే మిగతాది వస్తుందేమో. రాకపోయినా పక్కన కూర్చోవాలని ఉంది.

మీ అక్కయ్యకి ఏం చెప్పాలో నేను చెప్పకూడదు. అది నీ ఇష్టం. ఈ ఉత్తరం చదివాక నన్ను చూడాలనిపించకపోయినా తప్పు పట్టను. కానీ గురువారం పొద్దుటి బస్సుకి బయల్దేరుతున్నాను. టీచరమ్మగారికి వారంపాటు పాస్టరుగారు చదువుతానన్నారు, ఈసారైనా ముందునుంచి వింటానని ఆవిడ సంతోషం.

పనిముట్ల సంచి తేవడం లేదు. మీ అక్కయ్య ఇంట్లో స్నానాలగది తలుపు ఒరిగి నేలకి రాసుకుంటోందని రాశావు. రాసుకోనీ. దాన్ని చూడగానే నా చేతులు దురదపెడతాయి, బాగుచేసి నీవంక చూస్తాను, మళ్ళీ పాత బేరం మొదలవుతుంది. మొదటిసారి నువ్వు నన్ను చూసినప్పుడు నా చేతుల్లో ఏమీ లేదు. ఈసారీ అలాగే వచ్చి నిలబడతాను. నువ్వు లోపలికి రమ్మని, ఉండమని అన్నాక, ఆ వీధిలో ఎవరినైనా ఒక ఉలీ సుత్తీ అరువడిగి ఆ తలుపు సంగతి చూస్తాను.

ఇట్లు,
వట్టి చేతులతో వస్తున్న
నీ ముసలాయన