అక్క గొంతు

మేష్టారూ, నమస్కారం.

మీరు పంపిన నాటకం టేపు అందింది. వినగానే తిరిగి పంపమన్నారు కానీ, ఇంకొన్నాళ్లు నా దగ్గరే ఉండనివ్వండి. ఎందుకో చెబుతాను.

స్టేజీ మీద అక్క బొంగురు గొంతు ఆఖరి వరస దాకా వినపడేదని మీరు మురిసిపోయేవారు. సినిమా వాళ్లకి అది పనికిరాలేదు. మొహం చాలు, గొంతు వేరే పెట్టుకుంటామన్నారు. ఆ వేరే గొంతు నాది. తెరమీద అక్క పెదవులు చూస్తూ, మొదటి సినిమా నుంచి చివరిదాకా నేనే మాట్లాడాను.

అక్క పోయేనాటికి పాప ఇంకా పాకుతూ ఉంది. వాళ్లమ్మ దానికి సినిమాల్లోనే తెలుసు. పడుకునే ముందు లైటు ఆర్పమని, "పిన్నీ, నువ్వు కనపడకుండా మాట్లాడవా" అంటుంది. అసలు గొంతు ఒక్కసారైనా దాని చెవిన పడాలనే మిమ్మల్ని అంతగా వేధించి టేపు తెప్పించుకున్నాను.

నిన్న పెట్టాను. అక్క పక్కగదిలోంచి కేకేసినట్టే ఉంది. పాప మాత్రం బుద్ధిగా కూర్చుని ఆఖరిదాకా విని, "ఈవిడెవరు పిన్నీ? అమ్మ ఎప్పుడు మాట్లాడుతుంది?" అంది.

"ఈ నాటకంలో అమ్మ లేదమ్మా" అనేశాను.

పాప వెంటనే నమ్మింది. నమ్మదూ మరి, ఆ మాట దానికి వాళ్లమ్మ గొంతుతోనే వినపడింది.