మాత్ర మీది, పేరూ మీదే

వదినగారికి,

ప్రభువు దగ్గరైనా మీ మోకాళ్లు నెమ్మదించాయా? అన్నయ్యగారి ఆయాసం తగ్గిందా? మా ఆయన కనబడితే వేళకు తింటున్నారో లేదో కనుక్కోండి. ఇక్కడ మీ అమ్మాయి, మా అబ్బాయి కులాసా. నాకే గుండెదడ.

మన మనవరాలు స్టెల్లా నడుంనొప్పి మీకు తెలిసిందే. సినిమా పాటల్లో వెనక వరసలో డాన్సు చేసే పిల్ల కదా, ఆ గెంతులవల్లే అనుకుని ఏడాదిగా రోజూ నూనె రాశాను. అది మీరిచ్చిన మోకాళ్ల నొప్పి మాత్రలు వేసుకుంటుంటే, అలవాటైపోతుందని భయపడి డబ్బా దాచేశాను కూడా.

మొన్న డాక్టరమ్మ, "దేనికి తగ్గుతుందమ్మా?" అని అడిగింది.

"అమ్మమ్మ ఇచ్చిన మాత్రకండీ, గంటలో మాయం. నానమ్మ నూనెకి అస్సలు తగ్గదు."

అలాంటి మాత్రకు ఇట్టే తగ్గే నొప్పి ఒక రకం ఎముక గడ్డకు గుర్తట; ఆ మాట పట్టుకునే డాక్టరమ్మ స్కాన్ తీయించింది. వెన్నుపూసలో శనగగింజంత ఎముక గడ్డ! నా ప్రాణం పోయిందనుకోండి. అరుదుగా వస్తుందట, క్యాన్సర్ మాత్రం కాదట. స్కాన్‌లో చూసుకుంటూ సూది గుచ్చి, వేడితో కాల్చేశారు. మర్నాడే ఫిలింనగర్ ఇంటికి తెచ్చుకున్నాం. ఇప్పుడు మాత్ర లేకుండానే నిద్రపోతోంది.

జావ తాగించేది నేను. వచ్చినవాళ్లతో అది చెప్పేది మాత్రం, "అమ్మమ్మే కాపాడింది" అని. పైగా పక్కింటామె, "నీకింక ఫికర్ ఏంది పెద్దమ్మా, ఆమె పైకెళ్లి చూస్కుంటుంది గదా" అంది. కుళ్లుకున్నాను వదినా, అబద్ధమెందుకు. పోయి కూడా మీరే గెలిచారు.

ఈ ఆదివారం ఆరాధన అయ్యాక మీ సమాధి దగ్గరికి తీసుకెళ్లమంది స్టెల్లా. వస్తున్నాం. పువ్వులు మాత్రం నేనే కొంటాను.