పాలు తగలని స్కోన్లు

వదినకి,

ఫోన్లో చెప్పే ధైర్యం లేక కాగితం పట్టుకున్నాను.

మీ పాపకి పాలు పడవని నువ్వు ఎన్నిసార్లు చెప్పినా నేను చాదస్తం అనుకున్నాను. ఆ రోజు "కాస్త వెన్నకి ఏమవుతుందే, తిను" అని నేను చేసిన స్కోను, అదే ఆ వెన్న వేసిన బన్ను, దాని నోట్లో పెట్టింది నేనే. పెదాలు వాచి, ఊపిరాడక అది గిలగిల్లాడిపోయింది. ఆసుపత్రిలో మీతో మాత్రం, నేను చూడకుండా తనే తీసుకుని తినేసిందని చెప్పాను.

"వద్దన్నది ఎందుకు తిన్నావే?" అని అన్నయ్య మంచం పక్కనే కసిరాడు. పాప నా వైపు ఒక్కసారి చూసి తల దించుకుంది. ఇప్పటికీ నిజం తను ఎవరికీ చెప్పలేదు.

ఈ నెలంతా పాలు తగలని స్కోన్లు నేర్చుకున్నాను. వెన్నకి బదులు కొబ్బరినూనె, పాలకి బదులు ఓట్స్ పాలు వేశాను. గిన్నెలు, జల్లెడ, ట్రే అన్నీ కొత్తవే కొన్నాను. రెండుసార్లు రాళ్లలా వచ్చాయి. నిన్న మెత్తగా పొంగాయి. పాప కోసం డబ్బాలో సర్దబోయి పక్కన పెట్టేశాను. నిజం దాచుకుని దానికి మళ్లీ ఏ మొహంతో పెట్టను?

అందుకే ముందు ఈ ఉత్తరం పంపుతున్నాను. పాపని ఒళ్లో కూర్చోబెట్టుకుని, అన్నయ్య వినేలా పైకి చదువు. ఆ తర్వాత నన్ను గడప తొక్కనిస్తావో లేదో నీ ఇష్టం.

నీ ఆడపడుచు