ఫ్లెన్స్‌బర్గ్ మాత్రలు

గ్రేతె అక్కా,

ఫోన్ చేస్తే నీకు సగమే వినబడుతుంది, ఆ సగానికీ నువ్వే అర్థం కల్పించుకుంటావు. అందుకే రాస్తున్నాను. రేపు పొద్దున నా ఛాతీ కోసి గుండెలో పాడైన కవాటం మారుస్తారు. కంగారుపడకు, నాకైతే భయం లేదు. పక్క మంచం ముసలాయన పళ్లసెట్టు తీసుకెళ్లి నర్సు కాఫీ కప్పులో వేశాను కూడా. ఆ పిల్ల కెవ్వుమంటుందనుకున్నాను. చెంచాతో బయటికి తీసి, "ఎవరివో గానీ బాగా తోమమని చెప్పు" అని వెళ్లిపోయింది. ఇలాంటివాళ్ల చేతిలో మనిషి చావడు.

ఒక్క సంగతి మాత్రం నీకే చెప్తున్నాను. రెండేళ్ల కిందట పడవలు అమ్ముడుపోయి మా వలల షెడ్డు మూతపడ్డాక నాలో ఏదో ఆరిపోయింది. పొద్దున లేచి మేజోళ్లు తొడుక్కోవడానికి కూడా బుద్ధి పుట్టేది కాదు. రేవులో అందర్నీ నవ్వించి ఇంటికొచ్చి, ఖాళీ షెడ్డులో తలుపేసుకుని కూర్చునేవాణ్ణి. మన డాక్టరు దగ్గరికి వెళ్దామంటే, ఇక్కడ రాసిన ప్రతి మందూ దేశంలో డాక్టర్లందరి కంప్యూటర్లోకీ ఎక్కుతుంది. పైగా మందుల షాపులో ఉండేది పక్కింటి హోకన్ కోడలు. ఆ పిల్లకి తెలిస్తే చేపలకి కూడా తెలుస్తుంది. అందరూ చవక బీరు కోసం సరిహద్దు దాటి జర్మనీ వెళ్తారు కదా, నేనూ వెళ్లాను. ఫ్లెన్స్‌బర్గ్‌లో ఒకాయన దిగులుకి మాత్రలు రాశాడు. అప్పట్నుంచి బీరు పెట్టెల అడుగున అవి వస్తున్నాయి. పనిచేస్తున్నాయి కూడా.

నిన్న మత్తు డాక్టరు వచ్చి ఏమేం మందులు వాడతావని అడిగింది. పక్కనే మా ఆవిడ బోదిల్ కూర్చుని ఉంది. "కాఫీ, పెళ్లాం నస" అన్నాను. ఇద్దరూ నవ్వారు, మాట అక్కడితో అయిపోయింది. దిగులు మాత్రలకీ గుండెకీ ఏం సంబంధం? నేను చెప్పను, నువ్వూ చెప్పకు. కట్టుకున్నదానికి నేను నవ్వే మొగుడిగానే ఉండాలి.

నీ కొంటె తమ్ముడు,
ఐవిన్

*

అక్కా,

బతికే ఉన్నాను. ఉడికించిన రొయ్యలా ఎర్రగా ఉన్నాను. ఎందుకో చెప్తాను. నేను మత్తులో ఉన్నప్పుడు జరిగిందంతా బోదిల్, హోకన్ చెప్పిందే.

కవాటం చక్కగా కూర్చుందట. తర్వాత రక్తపోటు పడిపోవడం మొదలైంది. ఆపరేషన్ చేసిన డాక్టరు రావ్న్ బయటికొచ్చి, "గుండె బాగానే కొడుతోంది. కానీ ఒంట్లో రక్తనాళాలన్నీ వదులైపోయాయి. బిగించే మందులు ఎంత పెంచినా ఒత్తిడి నిలవట్లేదు. ఇలాగే ఉంటే మనిషి దక్కడు" అందట. తాళ్లు జారిన వలలా అయిపోయానన్నమాట. "నీలం రంగు మందొకటి ఉంది, దాంతో చాలామంది తేరుకున్నారు. కానీ దిగులుకి మాత్రలు వాడేవాళ్లలో కొందరికి అదే విషమవుతుంది. రికార్డులో ఏమీ లేదు. అయినా అడుగుతున్నాను, మీ ఆయన వాడతాడా?"

బోదిల్‌ని కారులో తీసుకొచ్చిన హోకన్ అందుకున్నాడట. "వీడికి దిగులేంటి డాక్టరమ్మా? వీడి వల్ల మాకు దిగులు."

"వాడతాడు," అంది బోదిల్. మాత్ర పేరు చెప్పింది, ఎంత మోతాదో చెప్పింది. "నిన్న కూడా వేసుకున్నాడు, స్నానాల గదిలో."

హోకన్ టోపీ తీసి చేతుల్లో తిప్పుతూ ఉండిపోయాడట. డాక్టరు నీలం మందు పక్కన పెట్టి, ఎర్రగా ఉండే విటమిను మందు పెద్ద మోతాదులో ఎక్కించింది. దానికి ఒత్తిడి మెల్లగా లేచి నిలబడింది. నాకు ఒంటికీ ఒంటేలుకీ ఒకటే రంగు మిగిలింది. "ఈసారి వేషానికి రంగు కూడా పులుముకున్నావా" అని హోకన్ తిట్టి, గోడవైపు తిరిగి కళ్లు తుడుచుకున్నాడు.

వాడు వెళ్లాక బోదిల్‌ని అడిగాను, "నీకెలా తెలుసు?"

"నువ్వు బీరు ముట్టి ఎన్నాళ్లయింది? షెడ్డులో పెట్టెలు నడుమెత్తు పేరుకున్నాయి. సర్దుతుంటే అడుగున మాత్రలు కనబడ్డాయి."

"మరి అడగలేదేం?"

"నువ్వే చెప్తావని చూశాను. నువ్వు నోరు తెరిచినప్పుడల్లా ఇప్పుడు చెప్తాడేమో అనుకునేదాన్ని. జోకు వచ్చేది. నవ్వేదాన్ని."

అక్కా, దానికి సమాధానంగా బ్రహ్మాండమైన మాటొకటి నా నాలిక చివరిదాకా వచ్చింది. మింగేశాను. "పొద్దున లేవాలంటే కష్టంగా ఉంటుంది, బోదిల్" అన్నాను.

ఆవిడ నవ్వలేదు. ఏడవలేదు. కుర్చీని మంచానికి ఆనేలా లాక్కుని కూర్చుంది.

"మొదట్నుంచి చెప్పు," అంది.

నీ తమ్ముడు,
ఐవిన్