నీ గాజుసీసా

బాపూ,

నువ్వు పోయి ఇయ్యాల్టికి ఏడాది. నువ్వు పనిచేసిన పాత మురికినీళ్ల ప్లాంటును కూలగొట్టి, పక్కనే కొత్తది కట్టిన్రు. పొద్దుగాల ప్రారంభం చేసిన్రు. "ఇన్నేండ్లు ఇక్కడ మురికిని మురికి లెక్కనే వదిలిన్రు" అని ఒక పెద్దసారు మైకుల చెప్పిండు. నాకు ఒళ్లు మండింది.

శుద్ధి అయిన నీళ్లను నువ్వు రోజూ గాజుసీసాల పట్టి, వెనుక పేపరు పెట్టి చదివేటోనివి. అక్షరాలు కనబడందే నీళ్లను నాలాలకు వదిలేటోనివి కాదు. అమ్మ బువ్వకు పిలిచినా కదిలేటోనివి కాదు.

అందరు లడ్డూలు తింటాంటే, నేను నీ సీసా పట్టుకొని, శుద్ధి అయిన నీళ్లు వచ్చే కొత్త పైపుకాడికి పోయిన. నీళ్లు పట్టి, వెనుక వాళ్ల ఆహ్వానపత్రికే పెట్టిన. పెద్దసారు ముంగట పట్టుకొని, "జర మీ పేరు చదువుండ్రి సారూ" అన్న.

ఆయన సీసా దిక్కు కండ్లు చిట్లించి చూసి, కండ్లద్దాలు తుడుసుకున్నడు బాపూ. రెండుసార్లు.