పిన్ని ఏడ్చిన సినిమా

బెర్లిన్, 3 మార్చి 1927

ప్రియమైన మాల్వీనె పిన్నికి,

పదకొండేళ్ళుగా ఈ మూకీ సినిమాల్లో పనిమనిషిగా, శవంగా, గుంపులో మూడో ఆవిడగా వేసి వేసి చివరికి కథానాయికనయ్యాను. విషాద చిత్రం. వచ్చే వారం మీ పిర్నాలో ఆడుతుంది. జనం ఏడిస్తే డైరెక్టరు క్లాప్రోట్ గారు నాతో రెండేళ్ళ ఒప్పందం రాస్తారు. ఏడవకపోతే మళ్ళీ శవమే. నువ్వు తప్పకుండా చూడాలి. చిన్నప్పుడు జ్వరంలో చెవులు పోయాయని వెనకాడకు, మా సినిమాలకి చెవులతో పనేముంది?

నీ ఎల్ఫ్రీడె

తా.క. శవం వేషంలో నన్ను మించినవాళ్ళు లేరని ఇక్కడ పేరు. ఒకసారి నిజంగానే నిద్రపోయాను. గురక తెర మీద వినపడదు కదా.

పిర్నా, 14 మార్చి

చిట్టితల్లి ఎల్ఫ్రీడెకు పిన్ని దీవెనలు.

మా బధిరుల సంఘం నుంచి పద్దెనిమిది మందిమి వెళ్ళాం. ఏం చెప్పమంటావే, కథలో నీ భర్త, ఆ ప్రభువు చచ్చిపోయే సీనులో ఒక్కళ్ళ కళ్ళూ ఆరలేదు. పక్కింటి హెన్షెల్ గారికైతే కడుపునొప్పే వచ్చింది. రేపు మళ్ళీ వెళ్తున్నాం.

మీ పిన్ని

తా.క. అక్కడ నీకు వేళకి తిండి పెట్టడం లేదా?

బెర్లిన్, 17 మార్చి

బంగారు పిన్నికి,

నీ ఉత్తరం చదివి అరగంట అద్దం ముందు నిలబడి నన్ను నేనే గౌరవించుకున్నాను. తర్వాత డైరెక్టరు గారికి చూపించాను. "పద్దెనిమిది మందీనా?" అన్నారు. "కడుపునొప్పి వచ్చేదాకా ఏడ్చారండీ" అన్నాను. ఆదివారం ఆయనే వచ్చి నీ పక్కన కూర్చుని చూస్తారట. ఒప్పందం కాగితం జేబులోనే ఉంటుంది.

మహానటి (ఇంకో మూడు రోజుల్లో) ఎల్ఫ్రీడె

తా.క. ముఖం చూసి ఆకలి కనిపెట్టావు. తల్లి మనసంటే నీదే.

పిర్నా, 21 మార్చి

ఎల్ఫ్రీడెకు,

ఎంత పని చేశావే. మేం ఏడ్చామని ఎవరన్నారు? నవ్వి నవ్వి కన్నీళ్ళొచ్చాయి. మేం పెదవులు చూసి మాటలు చదువుకునేవాళ్ళమని మర్చిపోయావా? తెర మీద అక్షరాలేమో "ప్రభూ, నన్ను ఒంటరిని చేయకండి" అన్నాయి. నీ నోరేమో "తొందరగా చావవయ్యా, కాలు తిమ్మిరెక్కింది, క్యాంటీన్లో బంగాళాదుంపలు చల్లారిపోతాయి" అంది. నిన్న కూడా మావాళ్ళందరూ పొట్టలు పట్టుకుంటుంటే, ఎందుకు నవ్వుతున్నారని డైరెక్టరు గారు అడిగారు. పలక మీద రాసి చూపించాను. నాకు అబద్ధం చెప్పడం రాదు తల్లీ.

మీ పిన్ని

తా.క. పెళ్ళి సీనులో "డైరెక్టరు విగ్గు జారుతోంది, ఎవరైనా చెప్పండర్రా" అన్నావు చూడు, అదీ రాశాను. ఆయన రెండు చేతులతో తల పట్టుకున్నారు.

బెర్లిన్, 9 సెప్టెంబరు

పిన్నికి,

మొదట్లో నీ మీద కోపంతో ఉత్తరం రాయలేదు, ఏమనుకోకు. ఒప్పందం దక్కింది. నన్ను వదులుకుంటే విగ్గు సంగతి ఊరంతా చెబుతానని ఆయన భయం. ఒకటే షరతు: ఏడుపు సీన్లన్నిటిలో కెమెరాకి వీపు పెట్టి నిలబడాలి. కొత్త సినిమా చూసి పత్రికవాళ్ళు "ఎల్ఫ్రీడె క్నోల్ వీపులో ఉన్న దుఃఖం మరే నటి ముఖంలోనూ లేదు" అని రాశారు. ఈ ముఖానికి పదకొండేళ్ళు క్రీములు పూశాను. వీపుకి ఏనాడూ సబ్బు కూడా సరిగ్గా రాయలేదు.

బెర్లిన్ వీపు,
ఎల్ఫ్రీడె

తా.క. బిడ్డ చనిపోయే సీనులో నాకు నిజంగానే ఏడుపొచ్చింది పిన్నీ, ఇన్నేళ్ళలో మొదటిసారి. బంగాళాదుంపలు గుర్తుకే రాలేదు. చూసింది ఎదురుగా ఉన్న అట్టగోడ ఒక్కటే.