నాట్ల నడక

మే 5, సోమవారం
పొద్దున్నించి సన్నటి వాన. ఈ అమెరికా ఊళ్ళో, బాతెల్‌లో, దీన్ని వాన అనరు. పెరట్లో మెంతికూరకు కలుపు తీశాను. ఇడ్లీపిండి రుబ్బాను. పక్కింటి గరాజ్‌లో లిన్ గారి పియానో... ఒకటే ముక్క, ఇరవైసార్లు. "డైరెక్టర్ మళ్ళీ వద్దన్నాట్టమ్మా, పాపం" అంది మా అమ్మాయి సునీత. ఆయన సంగీతం కడుతున్నది ఓ చైనా సినిమాకట. శుక్రవారంలోగా సంగీతం నచ్చకపోతే ఇంకొకరికి ఇస్తారట.

మే 6
ఇడ్లీలు ఇవ్వడానికి సునీతతో వెళ్ళాను. గోడ మీద పెద్ద తెర. వరినాట్ల సీను. మోకాటిలోతు బురద, వెదురు టోపీలు, పదిమంది ఆడవాళ్ళు. పాట మంచిదే. కాళ్ళు ఒకవైపు, పాట ఒకవైపు. నోరు ఊరుకోలేదు.
"ఇది కోతల నడకే. నాట్లది కాదు."
సునీత ఇంగ్లీషులో చెప్పింది. లిన్ గారు పియానో మీంచి చేతులు తీశారు. "వై?"
కోసేటప్పుడు ముందుకు పోతాం. నాటేటప్పుడు వెనక్కి.
సీను మళ్ళీ వేసుకుని చూశారు. నుదురు కొట్టుకున్నారు. మూడు నెలలుగా చూస్తున్న సీనే. ఆయనది ఉత్తరాన గోధుమల ఊరట. తండ్రి ఊళ్ళమ్మట నాటకాలకు రెండుతీగల వాద్యం వాయించేవాడట. పక్కన కూర్చుని నేర్చుకున్నది అదే. వరన్నం తిన్నానుగానీ వరి నాటలేదన్నారు.

మే 7
ఎండ. చీర ఎగ్గట్టి గడ్డిలో నాటి చూపించాను. నారు బదులు కొత్తిమీర కట్ట. లిన్ గారు నా పక్కనే వంగి, వెనక్కి నడుస్తూ, గులాబీ పొదలో పడబోయారు.
"మీటింగ్ మ్యూట్‌లో పెట్టి వచ్చా, తొందరగా కానీ అమ్మా!" అంది సునీత.
తాళం దెబ్బ ఎక్కడ, కాలు వేసినప్పుడా అని అడిగారు లిన్ గారు. కాదు, కాలు పీకినప్పుడు. బురద ఓ పట్టాన వదలదు. వదిలేదాకా ఆగాలి. కాగితం మీద రాసిందంతా కొట్టేశారు.

మే 8
పియానో లేదు. రెండుతీగలది ఒక్కటే. మధ్యలో ఆగుతోంది... కాలు ఊడివచ్చేదాకా. పొయ్యి మీద అన్నం అడుగంటింది.

మే 9, శుక్రవారం
లిన్ గారికి డైరెక్టర్ ఫోన్ చేశాడు. సీను మూడుసార్లు వేయించుకున్నాడట. వాళ్ళమ్మ నాట్లకు వెళ్ళేదట, తప్పెక్కడో ఇన్నాళ్ళూ చెప్పలేకపోయాడట. సినిమా లిన్ గారిదే! ఫెన్స్ అవతల నుంచి ఆయన కేక. అరవై దాటిన మనిషి, గడ్డిలో వెనక్కి నడిచి భార్యకు చూపించారు. ఈసారి కాలు తప్పలేదు.

మే 11
సినిమా చివర వేసే పేర్ల కాగితం తెచ్చారు. నాదీ ఉంది. 'అమ్మా' అని. సునీత పిలుపు విని అదే నా పేరనుకున్నారు. సునీత పడీపడీ నవ్వింది. "వెంకటరత్నం అని మార్పించుకోమ్మా." కాసేపటికి తనే — "విజిటర్ వీసా మీద పని చేయకూడదు కదా, పేరు పడితే ఏమంటారో... అదే ఉండనీ."


మే 12
మబ్బు. దోసకాయ నారు పోశాను. రికార్డింగ్ లాస్ ఏంజిలెస్‌లో, పెద్ద ఆర్కెస్ట్రాతో. మిగతా సీన్లకు రెండు వారాలే గడువు. పేరు సంగతి ఆయన అడగలేదు, నేను చెప్పలేదు. లిన్ గారు ఆరుంబావుకు బయల్దేరారు.